ఈడ ఉండె, కాదు ఆడ

మే నెలలో ఒకరోజు కర్నూలు నుంచి చీకటితోనే బయల్దేరి, ఆత్మకూరు మీదుగా సంగమేశ్వరం వెళ్లాం, నేనూ మా చిన్నమామా. జిల్లాల లెక్కలో అది ఇప్పుడు నంద్యాల, మామ నోట్లో మాత్రం ఇంకా కర్నూలే. శ్రీశైలం డ్యామ్ నిండితే నీటిమట్టం 885 అడుగులు. అప్పుడు సంగమేశ్వరుడి గుడీ, చుట్టూ ఉన్న ఊళ్ల ఆనవాళ్లూ అన్నీ అడుగునే. ఎండాకాలం నీళ్లు వెనక్కి పోతే గుడి బయటపడుతుంది. లోపల ఉన్నది వేపమాను శివలింగం.

1981లో ఆ డ్యామ్ కోసం మా ఊరు ఖాళీ చేయించినప్పుడు మామకు పద్నాలుగేళ్లు. నేను పుట్టనే లేదు. అయినా అమ్మ చెప్పిన మాటలు పట్టుకుని మునిగిపోయిన మా ఇంటిని పదకొండుసార్లు గీశాను. గచ్చు అరుగు, నీలిరంగు తలుపు, వెనక చింతచెట్టు. ప్రతి బొమ్మలోనూ ఇల్లు కుదురుగా నిలబడి ఉండేది. అదే నాకు అబద్ధంగా తోచేది. ఆ అసంతృప్తితోనే కుంచె పక్కన పెట్టి కెమెరా పట్టుకున్నాను.

చిత్రకారులు సినిమా తీయడం మనకు కొత్త కాదు. ఎం.ఎఫ్. హుసేన్ 1967లో రాజస్థాన్ మీద తీసిన చిన్న సినిమాకు బెర్లిన్ చిత్రోత్సవంలో గోల్డెన్ బేర్ అవార్డు వచ్చింది. తయ్యబ్ మెహతా 1970లో తీసినదాని పేరు ‘కూడల్’. ఆ పేరు విన్న రోజు నాకు ఒళ్లు జలదరించింది. కృష్ణా తుంగభద్రలు కలిసే చోటును ఇక్కడ కూడలి అనే అంటారు మరి. అక్కడి కూడవెల్లి ఊళ్లోని మరో పాత గుడిని రాయి రాయి విప్పి అలంపురంలో మళ్లీ కట్టారు. ఊళ్లను అలా కట్టినవాళ్లు లేరు.

గుడి దగ్గర జనం ఎక్కువగా ఉన్నారు. దండం పెట్టుకుని అవతలికి నడిచాం. ఒండ్రుమట్టి ఎండి పలకలు పలకలుగా పగిలింది. అడుగు వేస్తే పైపెంకు విరిగి, కింద ఇంకా తడి. ఆల్చిప్పలు, తెగిన వల ముక్కలు, అక్కడక్కడ గోడల మొదళ్లు. ట్రైపాడ్ కాళ్లు దిగబడకుండా చదును రాళ్లు ఏరి కింద పెట్టాను. ఫ్రేమ్ కదపకూడదని ముందే అనుకున్నా.

మామ చేతికర్ర ఒకచోట ఆనించి, "ఈడ ఉండె అల్లుడా మనిల్లు" అన్నాడు. కాసేపు నిలబడ్డాడు. గుడి వైపు చూశాడు, నీళ్ల వైపు చూశాడు. "కాదు, ఆడ" అంటూ ముప్పై అడుగులు పోయాడు. అక్కడ సగం పూడిన రోలు ఒకటి కనిపించింది. వంగి, లోపలి మట్టిని వేళ్లతో తీశాడు. "ఇది మనది గాదు, మనది ఇంతకంటే పెద్దది."

బొమ్మలో ఇంటిని ఎక్కడో ఒకచోట పెట్టి తీరాలి. మామ పెట్టలేకపోతున్నాడు. నలభై ఏళ్ల నీళ్లు ఆ ఇంటిని ఒకచోట ఉండనివ్వలేదు. నేను తీయాల్సింది ఇల్లు కాదని, ఈ వెతుకులాటేనని అప్పుడే అర్థమైంది.

పన్నెండు దాటాక వడగాలి మొదలైంది. ఎండమావుల్లో మామ రూపం వణికి వణికి, చివరికి ఫ్రేమ్ దాటిపోయింది. కెమెరా తిప్పలేదు. ఖాళీ నేల, దూరంగా కృష్ణ గీత, మైకులో గాలి హోరు. ఆ హోరులోంచి ఎక్కడో మామ గొంతు:

"అల్లుడా, ఇది గూడా కాదు."