చిన్నమ్మమ్మ చదివిన బొంత

విజయనగరంలో రైలెక్కేసరికి మంచు ఇంకా విడలేదు. పుష్యమాసం. నెల్లిమర్ల, గరివిడి, చీపురుపల్లి దాటుతుంటే కిటికీలోంచి కోత అయిపోయిన మళ్లు, వాటిలో అప్పుడే రెండాకులు వేసిన మినుములు కనిపిస్తున్నాయి. నా ఎదురుగా కూర్చున్న ఒక ముసలాయన దుప్పటి చెవుల దాకా కప్పుకుని నిద్రపోతున్నాడు. నేను మాత్రం రాత్రంతా సరిగ్గా నిద్రపోలేదు. పొందూరు అవతల, నాగావళి ఒడ్డున మా అమ్మమ్మ వాళ్ల ఊళ్లో, ఎనభై ఏళ్లు దాటిన ఒక బొంతను చూడడానికి వెళ్తున్నాను.

అమ్మమ్మ పోయిన తర్వాత ఆవిడ ట్రంకు పెట్టె సర్దుతుంటే ఈ మాట బయటపడింది. "బాంబుల ఏడు కుట్టిన బొంత ఇందులో ఉండాలే" అని వెతికి వెతికి, చివరికి అమ్మే గుర్తు చేసుకుంది, అది చిన్నమ్మమ్మ దగ్గరుందని. చిన్నమ్మమ్మ అంటే అమ్మమ్మకి చెల్లెలు. తొంభైకి దగ్గరపడింది. ఇంకా తన వంట తనే చేసుకుంటుంది.

"బాంబుల ఏడు" అంటే 1942. ఏప్రిల్ 6, సోమవారం. ముందురోజు కొలంబో మీద దాడి చేసిన జపాన్ నౌకాదళం ఆ రోజు విశాఖపట్నం రేవు మీద, కాకినాడ మీద బాంబులు వేసింది. రేవు తెరిచి అప్పటికి తొమ్మిదేళ్లు కూడా కాలేదు. మా ముత్తాత అక్కడ కూలిపని చేసేవాడు. జపాన్ వాడు దిగిపోతాడన్న భయంతో జనం బళ్ల మీద, రైళ్లలో, కాలినడకన లోపలి ఊళ్లకి వెళ్లిపోయారు. చరిత్ర పుస్తకాల్లో ఈ సంగతి ఒకటి రెండు వాక్యాలకి మించి కనిపించదు. వెళ్లినవాళ్లు ఎక్కడ పడుకున్నారు, ఏం కప్పుకున్నారు అన్నది ఎవరూ రాయలేదు. నాకు కావలసింది అదే.

నిన్న సాయంత్రం విజయనగరంలో దిగి, ఊరికే కంటోన్మెంటు వైపు నడిచాను. ఇప్పుడు అక్కడ ఇళ్లూ కొట్లూ తప్ప పటాలం ఆనవాళ్లు పెద్దగా లేవు, పేరు మాత్రం మిగిలింది. ఆ పేరు చూడగానే నాకు సిపాయిలు కుట్టిన బొంతలు గుర్తొచ్చాయి. పంతొమ్మిదో శతాబ్దంలో బ్రిటిష్ సిపాయిలు యూనిఫారాలు కుట్టే దళసరి ఉన్ని గుడ్డను, ఎరుపూ నలుపూ తెలుపూ, చిన్న చిన్న ముక్కలుగా కోసి బొంతలు కుట్టేవారు. వాటిలో కొన్ని మన దేశంలో కాపలా ఉన్నవాళ్లు కుట్టినవే. 1856లో వేసిన ఒక తైలవర్ణ చిత్రంలో, క్రిమియా యుద్ధంలో గాయపడిన థామస్ వాకర్ అనే సిపాయి ఆసుపత్రి మంచం మీద కూర్చుని రంగురంగుల ముక్కలు కలిపి కుడుతుంటాడు. తలకి దెబ్బ తగిలిన మనిషి చేతిలో సూది. ఆ బొమ్మ మొదటిసారి చూసినప్పటి నుంచీ బొంత ఆడవాళ్ల తీరిక పని అన్న మాట ఎవరైనా అంటే నేను ఊరుకోలేను.

పొందూరులో రెండు గంటలు ఆగాను. చిన్నమ్మమ్మ ఫోన్లో "పొందూరు గుడ్డ ముక్క ఒకటుంది ఇందులో, సూసి రా" అని చెప్పింది కాబట్టి ఆగాలి కూడా. వడికేవాళ్ల ఇంట్లో ఒకావిడ పత్తి దువ్వుతూ కనిపించింది. చేతిలో దువ్వెన కాదు, వాలుగ చేప దవడ ఎముక. దాని సన్నటి పళ్లతో గింజ మీది పత్తిని దువ్వుతుంటే నలకలు రాలిపోయి, పోగులన్నీ ఒకే వైపుకి తిరుగుతాయి. ఆ తర్వాత గింజ తీయడం, ఏకడం, ఏకులు చుట్టడం, రాట్నం మీద వడకడం. కౌంటు పెరిగేకొద్దీ పోగు సన్నబడుతుంది. కొండపత్తితో 100 కౌంటు నూలు చేత్తో తీయడమంటే మాటలు కాదు. గాంధీ గారు ఈ గుడ్డను చూసి ఆశ్చర్యపోయి, పని ఎలా చేస్తారో తెలుసుకు రమ్మని కొడుకు దేవదాస్ గాంధీని ఇక్కడికి పంపారు. ఇప్పుడు నడుస్తున్న ఆంధ్ర ఫైన్ ఖాదీ కార్మికాభివృద్ధి సంఘం 1949లో పెట్టింది. నేను చూస్తున్నంతసేపూ ఆవిడ తల ఎత్తలేదు. ఒక్కసారి మాత్రం "ఎముక దొరకడమే కష్టంగా ఉందమ్మా" అంది.

పొందూరు నుంచి ఆటోలో ముప్పావుగంట.

చిన్నమ్మమ్మ అరుగు మీద కూర్చుని నా కోసమే చూస్తోంది. కాళ్లు కడుక్కోగానే చోడి అంబలి ఇచ్చింది. నేను బొంత సంగతి ఎత్తేలోపే మంచం మీదికి చెయ్యి చూపించి, "అదిగో, రేత్రి కూడా అదే కప్పుకున్నాను" అంది. గుండె ఒక్కసారి ఝల్లుమంది. నేనేమో పెట్టె అడుగున కలరా ఉండల మధ్య భద్రంగా ఉంటుందనుకున్నాను.

ఎండలో నులకమంచం వాల్చి దాని మీద పరిచాం. ఐదు వరసలు, వరసకి ఆరు ముక్కలు, మొత్తం 30. వెనక పొర తర్వాతెప్పుడో మార్చారు. పై ముక్కలు దాదాపు అన్నీ అప్పటివే. కొన్ని పలచబడి లోపలి పొర రంగు కనబడుతోంది.

"బాంబులు పడ్డాయని పట్నం పట్నమంతా ఎల్లిపోనాది. మా అయ్య మమ్మల్ని ఈ ఊరు తీసుకొచ్చీసినాడు. ఒంటి మీద గుడ్డలే. నాకు ఆరేళ్లు, మీ అమ్మమ్మకి పది. వానలొచ్చీసరికి సలి, నేల మీదే పడక. మా అమ్మ ఇల్లిల్లూ తిరిగి పాతగుడ్డ అడిగింది. ఎవులికాడా నిండు సీర లేదు, అడిగితే మాత్రం ఎక్కడి నుంచి ఇస్తారు? ఇంటికో ముక్క సించి ఇచ్చినారు."

ఎక్కడా నిండు చీర లేకపోవడం మా ఊరి పేదరికం ఒక్కదాని వల్లే కాదు. మిల్లుల్లో నేసిన గుడ్డలో పెద్ద భాగం సైన్యానికి పోయింది, మిగిలినదాని ధర కొండెక్కింది. 1943లో ప్రభుత్వం గుడ్డ మీద, నూలు మీద కంట్రోలు పెట్టి, పేదలకని స్టాండర్డ్ క్లాత్ అనే ముతక గుడ్డ తెచ్చింది. "కంట్రోలు రోజులు" అని మన పెద్దవాళ్లు అనేది ఆ కాలాన్నే. ఇక దారం కొనే మాటే లేదు. చీర అంచుల్లోంచి పోగులు లాగి, రెండు మూడు కలిపి పురి వేసి, దానితోనే కుట్టింది మా ముత్తవ్వ.

కుట్టే పద్ధతి చిన్నమ్మమ్మ చేసి చూపించింది. నేల అలికి ఆరాక అడుగు పొర పరిచి, నాలుగు మూలలా రాళ్లు పెట్టాలి. బాగా చిరిగినవి మధ్యలోకి, కాస్త గట్టివి పైకీ కిందికీ. ముడత లేకుండా అరచేత్తో రాస్తూ దూరం దూరంగా టాకాలు వేయాలి. ఆ తర్వాతే దగ్గర కుట్టు. నలుగురు నాలుగు వైపులా కూర్చుని అంచు నుంచి లోపలికి కుట్టుకుంటూ వస్తారు. పని అయ్యేసరికి నలుగురి చేతులూ మధ్యలో కలుస్తాయి. దళసరిగా ఉన్నచోట దబ్బనం కావాలి. "సూది ఒకటే ఉండీది. ఒకలు కుడతా ఉంటే ముగ్గురు కబుర్లు సెప్పీవోరు. అందుకే నెల పట్టింది" అంది.

చిన్నమ్మమ్మ చూపు మసక. ఒక్కో ముక్క మీద వేళ్లు ఆనించి చెప్పడం మొదలుపెట్టింది. ఇది రావిచెట్టు కాడ ఇంటిది. ఇది సాలోళ్లది, ఎంత గట్టిగుందో సూడు. ఇది కరణం గారింటిది, వాళ్ల కోడలు అత్తకి తెలీకుండా ఇచ్చింది. ఈ మెత్తటిదే పొందూరు ముక్క, ఎవరి పెళ్లి పంచో చిరిగిపోతే ఇచ్చారు. నేనూ వేలు పెట్టి చూశాను. పొద్దున ఆ ఎముక దువ్వెన కింద చూసిన పత్తే, ఇన్నేళ్ల ఉతుకుల తర్వాత కూడా పక్క ముక్కలకి అందని మెత్తదనం.

మూడో వరసలో గళ్ల ముక్క దగ్గర చెయ్యి ఆపింది. "ఇది రంగం లుంగీ."

బర్మాలోని రంగూన్‌ని మా వైపు రంగం అంటారు. శ్రీకాకుళం, విశాఖ పల్లెల నుంచి ఎంతమంది అక్కడి రేవుల్లో, బియ్యం మిల్లుల్లో పనికి వెళ్లారో లెక్క లేదు. 1942లో జపాన్ సైన్యం బర్మా పట్టుకునేసరికి లక్షల మంది మనవాళ్లు కొండలూ అడవులూ దాటి నడిచొచ్చారు. దారిలో జ్వరాలతో, ఆకలితో పోయినవాళ్లు వేలమంది. ఈ ఊరి నుంచి వెళ్లినవాళ్లలో ఒకాయన తిరిగొచ్చాడు, ఆయన భార్య రాలేదు. ఉన్న రెండు లుంగీల్లో ఒకదాని చెరుగు చించి మా ముత్తవ్వకి ఇచ్చాడు. చిన్నమ్మమ్మ ఇది చెప్పేటప్పుడు గొంతు మారలేదు, వేలు మాత్రం ఆ ముక్క మీంచి చాలాసేపు తీయలేదు.

నాకప్పుడు చాంగీ బొంతలు గుర్తుకొచ్చాయి. అదే 1942లో, ఫిబ్రవరి 15న సింగపూరు పడిపోయాక, జపాన్ వాళ్లు తెల్లజాతి కుటుంబాలను చాంగీ జైల్లో పెట్టారు. ఆడవాళ్లు ఒకచోట, మగవాళ్లు ఒకచోట. భర్త బతికున్నాడో లేదో భార్యకి తెలియదు. ఎథెల్ మల్వేనీ అనే కెనడా ఆవిడ ఉపాయం ఆలోచించింది. గాయపడినవాళ్లకి బొంతలు కుడతామని చెప్పి అనుమతి తీసుకుని, ఒక్కొక్కరికీ ఒక్కో తెల్ల గుడ్డ ముక్క ఇచ్చి, మీ పేరు కుట్టండి, మీ గురించి ఏదైనా కుట్టండి అంది. అలా మూడు బొంతలయ్యాయి, ఒక్కోదాంట్లో 66 ముక్కలు. ఒకటి జపాన్ సిపాయిల కోసం అని కుట్టడం వల్లే మిగతా రెండూ ఆసుపత్రికి పోనిచ్చారంటారు. బొంత ఆసుపత్రికి చేరితే, దాని మీది పేర్లు చదివి అవతలివాళ్లకి తెలిసేది, నా భార్య బతికే ఉందని. ఇప్పుడు రెండు కాన్‌బెర్రా యుద్ధ స్మారక మ్యూజియంలో, ఒకటి లండన్‌లో బ్రిటిష్ రెడ్‌క్రాస్ దగ్గర ఉన్నాయి.

ఆ బొంతల మీద పేర్లున్నాయి. మా ముత్తవ్వకి గాని, ముక్కలిచ్చినవాళ్లలో ఎక్కువమందికి గాని అక్షరం రాదు. ఈ బొంత మీద ఒక్క పేరూ లేదు. కానీ ఎనభై ఏళ్లుగా దీన్ని చదివే మనిషి ఒకరు ఉన్నారు.

"దీన్ని దాచిపెట్టచ్చు కదా చిన్నమ్మమ్మా, కప్పుకుంటే పాడైపోదా?" అని అడిగాను.

"కప్పుకోడానికే కదా ఇచ్చినారు" అంది.

నేనేం అనలేకపోయాను. అమెరికా అంతర్యుద్ధంలో ఉత్తరాది సైనికులకి ఆడవాళ్లు పంపిన బొంతలు రెండున్నర లక్షల దాకా ఉంటాయని అంచనా. ఇప్పుడు మిగిలినవి బహు కొద్ది. చాలావాటిని కప్పుకుని అరగదీశారు, కొన్నిటిలో చనిపోయినవాళ్లని చుట్టి పాతిపెట్టారు. మిగలనివన్నీ పనికొచ్చినవే. అయినా నా మనసు ఒప్పుకోలేదు. మన పత్రికల్లో కుదరని పొత్తుల గురించి రాసేటప్పుడు "అతుకుల బొంత" అని తిట్టుగా వాడతారు. ఇంటికో ముక్క ఇచ్చి నిలబెట్టిన ఇంత గట్టి వస్తువు పేరు తిట్టెలా అయిందో నాకు అర్థం కాదు.

నోటు పుస్తకంలో ఐదు నిలువు, ఆరు అడ్డం గళ్లు గీసి, ఆవిడ చెప్పినట్టల్లా ఇంటి పేర్లు రాసుకున్నాను. మధ్యాహ్నం అన్నం తిన్నాక కూడా రాస్తూనే ఉన్నాం. ఒక ముక్క ఎలుక కొట్టేస్తే మా అమ్మమ్మే తన పెళ్లయ్యాక మార్చిందట. అలా 29 అయ్యాయి. ఎడమ వైపు చివరి వరసలో నీలం చారల ముక్క ఒకటి మిగిలింది. చిన్నమ్మమ్మ దాన్ని తడిమింది, వాసన చూసింది, తిరగేసి వెనక కుట్టు కూడా తడిమింది.

"ఇది నాకు అందట్లేదే. మీ అమ్మమ్మకి తెలుసు." కాసేపు ఊరుకుని, "ఖరగ్‌పూర్ వదినకి తెలుస్తాది. ఆ రోజుల్లో ఆవిడే కదా మా అమ్మ ఎంట తిరిగింది" అంది.

ఆ వదిన మేనత్త కూతురు. భర్తకి రైల్వేలో ఉద్యోగమని అరవై ఏళ్ల కిందట ఖరగ్‌పూర్ వెళ్లి అక్కడే ఉండిపోయింది. నంబరు వెతికి వీడియో కాల్ చేశాను. వాళ్లబ్బాయి ఎత్తాడు. ఆవిడకి చెవులు సరిగ్గా వినిపించవట, సంగతేమిటో ఆయన గట్టిగా రెండుసార్లు చెప్పాడు. నేను ఫోను తిప్పి నీలం చారల ముక్క దగ్గరగా పెట్టాను. చిన్నమ్మమ్మ నా భుజం మీద చెయ్యి వేసి వంగి చూస్తోంది.

అవతల కాసేపు ఏమీ వినిపించలేదు. తర్వాత ఆవిడ గొంతు, కొడుకుతో అంటోంది: "నా కళ్లజోడు ఏదిరా? బేగి తే. దాని పక్క ముక్క కూడా సూపించమను."