నాడి దొరకలేదన్న మా బావగారికి

ఆ రాత్రి గురించి నాకేమీ గుర్తులేదు. భోజనం చేసి లేచాను, ఆ తర్వాత గుర్తున్నది ఐసీయూనే. మధ్యలో జరిగిందంతా మా ఆవిడా, అమ్మాయీ చెబితే తెలిసింది.

కింద పడిపోయాక నోరు తెరిచి, ఆగి ఆగి గురక పెట్టినట్టు గాలి లాగానట. "ఊపిరి ఆడుతోంది, కంగారు పడకండి" అన్నారు మా బావగారు. అది ఊపిరి కాదండీ, గుండె ఆగిపోయిన మొదటి నిమిషాల్లో చాలామంది అలాగే లాగుతారు. తర్వాత నా మణికట్టు పట్టుకుని వెతికారు, ఈ చెయ్యి వదిలి ఆ చెయ్యి పట్టుకున్నారు, "ష్, మాట్లాడకండి, సన్నగా కొట్టుకుంటున్నట్టుంది" అన్నారు, కాసేపాగి "లేదమ్మా, అయిపోయింది" అనేశారు. మా ఆవిడ ఇప్పటికీ ఆ మాటకే నిద్రలోంచి ఉలిక్కిపడి లేస్తుంది.

కాలేజీలో సీపీఆర్ నేర్చుకున్న మా అమ్మాయి ఆయన్ని పక్కకి నెట్టి ఛాతీ మీద నొక్కడం మొదలుపెట్టింది, అంబులెన్స్ వచ్చేదాకా ఆపలేదు. షాక్ ఇచ్చారు, స్టెంట్ వేశారు, అదంతా మామూలే.

ఆస్పత్రిలో ఒక కుర్ర డాక్టరు ఎక్స్‌రే చూసి, "పక్కటెముకలు ఇలా విరగ్గొట్టిందెవరు?" అని మా అమ్మాయి ముందే అన్నాడు. పిల్ల ఏడ్చేసింది. ఆ మాట విన్న పెద్ద డాక్టరుగారు, ఆయన చల్లగా ఉండాలి, పిల్లని కూర్చోబెట్టి చెప్పారు: సరిగ్గా 5 నుంచి 6 సెంటీమీటర్ల లోతు, నిమిషానికి 100 నుంచి 120 సార్లు నొక్కితే పెద్దవాళ్లకి ఎముకలు విరగడం మామూలే, అవి అతుక్కుంటాయి, మెదడైతే అతుక్కోదు కదా అని.

నాడి సంగతి కూడా ఆయనే చెప్పారు. ఆ టెన్షన్‌లో ఒక్కోసారి మన వేలి కొట్టుకోవడమే మనకి తెలుస్తుందట. డాక్టర్లే మెడ పక్కన 10 సెకన్లకి మించి చూడరట, కచ్చితంగా తెలియకపోతే లేదనుకుని నొక్కడం మొదలుపెడతారట. మామూలు జనాన్ని నాడి వెతకమనడం 2000 నాటి అమెరికా మార్గదర్శకాల్లోనే మానేశారట. మనిషి పలక్కపోతే, మామూలుగా ఊపిరి తీసుకోకపోతే అంబులెన్స్‌కి ఫోన్ చేసి నొక్కడమే, మధ్యలో ఆపితే మెదడుకి రక్తం అందడం వెంటనే తగ్గిపోతుంది.

మా ఆవిడ దేవుడే కాపాడాడంటుంది. కాదనను, కానీ నొక్కింది మాత్రం మా అమ్మాయి.

బావగారు చెడ్డవారు కారని అందరూ అంటున్నారు, నాకూ తెలుసు. ఆయనేమో చుట్టాలందరికీ "మొదట నాడి చూసింది నేనే" అని గొప్పగా చెప్పుకుంటున్నారట. ప్రస్తుతానికి ఆయన ఫోన్ ఎత్తబుద్ధి కావట్లేదు.