పోర్త్‌కర్నో: బొంబాయి కేబుల్ నేలకెక్కిన చోటు

లండన్ పాడింగ్టన్‌లో రైలెక్కితే పెన్జాన్స్ చేరడానికి ఐదు గంటల పైనే పడుతుంది. అక్కడితో పట్టాలు అయిపోతాయి. ఆ పైన బస్సు. ఎదురుగా ఇంకో బండి వస్తే ఎవరో ఒకరు వెనక్కి తగ్గాల్సినంత ఇరుకు దారుల్లో పోయి, చివరికి ఒక లోయలోకి దిగుతుంది. అదే ఇంగ్లండ్ నైరుతి కొసన, కార్న్‌వాల్‌లోని పోర్త్‌కర్నో. బస్సులో వచ్చినవాళ్లలో ఎక్కువమంది కొండ అంచున రాతిలో కట్టిన మినాక్ నాటకశాల చూడ్డానికి వెళ్లారు. నేను ముందు సముద్రం ఒడ్డుకు నడిచాను. కొత్తగా వెళ్లేవారికీ అదే చెబుతాను: ముందు ఇసుక, తర్వాతే టెలిగ్రాఫ్ మ్యూజియం. ఇసుకను చూడకపోతే లోపలున్న యంత్రాల అవసరం అర్థం కాదు.

1870 జూన్‌లో బ్రిటన్‌ను బొంబాయితో కలిపిన సముద్రపు టెలిగ్రాఫ్ కేబుల్ ఒక కొస ఈ ఒడ్డునే పైకి వచ్చింది. ఇక్కడి నుంచి లిస్బన్ దగ్గరి కార్కవెలోష్, జిబ్రాల్టర్, మాల్టా, అలెగ్జాండ్రియా. ఈజిప్టులో నేల మీదుగా సూయెజ్. మళ్లీ సముద్రంలో ఏడెన్, బొంబాయి. మొదట అనుకున్న చోటు ఫాల్మత్. అది రద్దీ రేవు. ఓడ లంగరు వేసినప్పుడల్లా కేబుల్‌కు గండమే. అందుకే ఓడలు ఆగని ఈ చిన్న మలుపును ఎంచుకున్నారు. కేబుల్ వేయించిన కంపెనీ పేరులో మాత్రం ‘ఫాల్మత్’ అలాగే ఉండిపోయింది.

ఒడ్డుకు దగ్గర్లో ఒక చిన్న కేబుల్ గది ఉంది. సముద్రం నుంచి వచ్చిన లావు కేబుళ్లను స్టేషన్‌కు పోయే తీగలతో కలిపింది అందులోనే. ఏ కొస ఏ ఊరిదో పేర్లు రాసి ఉన్నాయి. ఒక దశలో 14 కేబుళ్లు ఈ లోయలో చేరాయి.

మ్యూజియంలో కేబుల్ ముక్కల దగ్గరే ఎక్కువసేపు నిలబడ్డాను. మధ్యలో రాగి తీగలు, చుట్టూ గట్టా పర్చా, దాని పైన జనపనార, పైపొరగా ఇనుప తీగలు. గట్టా పర్చా మలయా ప్రాంతపు చెట్ల పాలు. వేడి నీళ్లలో మెత్తబడుతుంది, చల్లారితే గట్టిపడుతుంది. చీకటిగా, చల్లగా ఉండే సముద్రపు అడుగున ఏళ్ల తరబడి చెక్కుచెదరదు. గాలీ వెలుతురూ తగిలితే మాత్రం పెళుసెక్కి పగులుతుంది. అందుకే ఓడల్లో కేబుల్‌ను నీటి తొట్లలో ఉంచేవారు. బొంబాయి వైపు కేబుల్ పరిచిన గ్రేట్ ఈస్టర్న్ ఓడకు తెల్లరంగు వేసింది కూడా సోకు కోసం కాదు, ఎండకు లోపలి సరుకు మెత్తబడకుండా.

రెండు కేబుల్ కొసలను కలిపి అతుకు వేయడం వేరే విద్య. రాగి కొసలను ఏటవాలుగా అరగదీసి, ఒకదాని మీద ఒకటి పెట్టి, సోల్డర్ చేసి, సన్నటి తీగతో చుట్టి మళ్లీ సోల్డర్ చేయాలి. నాఫ్తాతో శుభ్రంగా తుడవాలి. రెండు పక్కలా ఉన్న గట్టా పర్చాను స్పిరిట్ దీపంతో వెచ్చజేసి అతుకు మీదికి లాగాలి. పొరల మధ్య చాటర్టన్ మిశ్రమం పూయాలి: గట్టా పర్చా 3 పాళ్లు, స్టాక్‌హోం తారు 1, రోజిన్ 1. చేతి చెమట అంటినా, గాలి బుడగ మిగిలినా ఆ చోటే రేపు నీళ్లు దిగుతాయి. మంట కాస్త ఎక్కువైతే గట్టా పర్చా మాడుతుంది. ఓడ ఊగుతుంటే డెక్కు మీద ఈ పని చేశారు!

ఇంత చేసినా అసలు ఇబ్బంది కేబుల్ స్వభావంలోనే ఉంది. లోపల రాగి, బయట ఉప్పునీరు, మధ్యలో గట్టా పర్చా. అంటే చార్జిని నిలవ చేసుకునే, వేల మైళ్ల పొడవున్న కెపాసిటర్. ఈ కొసన మీట నొక్కితే ఆ కొసన కరెంటు వెంటనే రాదు, మెల్లగా ఉబ్బి మెల్లగా తగ్గుతుంది. భౌతిక శాస్త్రవేత్త విలియం థామ్సన్ (తర్వాతి లార్డ్ కెల్విన్) లెక్క ప్రకారం ఈ జాప్యం పొడవు వర్గంతో పెరుగుతుంది. 1858 అట్లాంటిక్ కేబుల్‌లో విక్టోరియా రాణి పంపిన 98 మాటల సందేశానికి సుమారు 16 గంటలు పట్టింది. ఆ కేబుల్ కంపెనీ విద్యుత్ నిపుణుడు వైట్‌హౌస్ వోల్టేజీ పెంచితే పనవుతుందనుకుని 2000 వోల్టుల దాకా పోయాడు. అసలే నాసిగా ఉన్న కేబుల్ మూడు వారాలకే మూగబోయింది. తర్వాతి అట్లాంటిక్ కేబుల్‌లో మైలుకు వాడే రాగిని 107 పౌన్ల నుంచి 300కు పెంచారు, అవతల కొసన వినే పరికరాన్ని సున్నితం చేశారు. గట్టిగా అరవడం మాని చెవి పెట్టి వినడం నేర్చుకున్నారన్నమాట.

అలాంటి చెవుల్లో ఒకటి థామ్సన్ సైఫన్ రికార్డర్, వచ్చిన సంకేతాన్ని కాగితం మీద గీసే యంత్రం. బలమైన అయస్కాంతం మధ్య వేలాడే సన్నని తీగచుట్ట, దానికి కట్టిన వెంట్రుకంత గాజు గొట్టం. కాగితానికి రాసుకుంటే ఆ రాపిడికే కదలిక ఆగిపోతుంది కాబట్టి గొట్టం కాగితాన్ని తాకదు, సిరాను చిమ్ముతుంది. మోర్స్ లిపిలో అక్షరాలకు గుర్తులైన చుక్క, డాష్‌లలో చుక్కకు గీత ఒక పక్కకు, డాష్‌కు ఇంకో పక్కకు జరుగుతుంది. రెండింటికీ పట్టే సమయం ఒకటే, కాబట్టి మామూలు మోర్స్ కన్నా వేగం. గొట్టంలో సిరా ఎండితే పని ఆగినట్టే.

ఈ జాప్యాన్ని ఇంట్లోనే చూడొచ్చు. దారిలో 1 కిలో ఓం రెసిస్టర్, దాని అవతలి కొస నుంచి మైనస్‌కు 100 మైక్రోఫారడ్ కెపాసిటర్: ఇది ఒక మెట్టు. అలాంటివి ఐదు వరుసగా కలిపి, 9 వోల్టుల బ్యాటరీ పెట్టి, చివర డిజిటల్ మీటరు తగిలించండి. ముల్లు కదిలినట్టు అంకెలు సగానికి పైగా పాకడానికే సెకనున్నర దాకా పడుతుంది. మెట్లను పదికి పెంచితే జాప్యం రెండింతలు కాదు, దాదాపు నాలుగింతలు. బ్యాటరీ తీసి ఊరుకోవద్దు, ఆ కొసను మైనస్‌కు కలపాలి. లేదంటే పాత చార్జి మిగిలి తర్వాతి సంకేతాన్ని పాడుచేస్తుంది. వ్యతిరేక దిశలో కరెంటు పంపాలనుకుంటే మామూలు ఎలక్ట్రోలిటిక్‌లు పనికిరావు, చెడిపోతాయి. ధ్రువాలు లేనివి వాడాలి.

మ్యూజియంలోని సొరంగాలు రెండో ప్రపంచ యుద్ధం నాటివి. బాంబుల భయంతో కార్నిష్ తగరపు గని కార్మికుల చేత గ్రానైట్ కొండను తొలిపించి, 1941లో స్టేషన్‌ను లోపలికి మార్చారు. తలుపులు మందం, లోపల నూనె వాసన. ఇక్కడ రీజనరేటర్ యంత్రాలను నడిపి చూపిస్తారు. ఆ సమయం కనుక్కుని వెళ్లాలి. రీజనరేటర్లు రాకముందు దారిలోని ప్రతి స్టేషన్‌లోనూ గుమాస్తా గీత చదివి మళ్లీ మీట కొట్టేవాడు. తప్పులు పోగయ్యేవి. రీజనరేటర్ నీరసించిన సంకేతాన్ని పెద్దది చేయదు. అది చుక్కో డాషో తేల్చుకుని సరికొత్తది పుట్టించి ముందుకు పంపుతుంది. ఈ హాల్లో దేన్ని చూడకపోయినా దీన్ని చూడాలి.

రేడియో మీద, తర్వాత ఈ కేబుల్‌ను నడిపిన ఈస్టర్న్ కంపెనీకి ఎంత గుబులుండేదో చెప్పే ఉదంతం ఒకటుంది. రేడియో మార్గదర్శి మార్కోనీ పోల్డూ స్టేషన్ ఇదే కార్న్‌వాల్‌లో. దాని సంకేతాలు పట్టడానికి ఈస్టర్న్ కంపెనీ నెవిల్ మాస్కెలిన్ అనే ఇంద్రజాలికుడి చేత పోర్త్‌కర్నో కొండ మీద స్తంభం నిలబెట్టించింది. 1903 జూన్‌లో లండన్ రాయల్ ఇన్‌స్టిట్యూషన్‌లో మార్కోనీ పరికరాల ప్రదర్శన జరుగుతుండగా మాస్కెలినే దగ్గర్లోంచి ‘రాట్స్’ (ఎలుకలు) అని పదేపదే పంపి పరువు తీశాడు.

టెలిగ్రాఫ్ స్టేషన్ 1970లో మూతపడింది. 1997లో ఇదే ఒడ్డున ఫ్లాగ్ అనే ఫైబర్ కేబుల్ నేలకెక్కింది. అదీ ముంబైలో దిగుతుంది. తిరుగు బస్సుకు ఇంకా అరగంట ఉంటే మళ్లీ ఇసుక దాకా వెళ్లాను. పైకి కనిపించేది ఏమీ లేదు.