లాక్స్‌టన్: గట్లు లేని పొలాల ఊరు

జూన్‌లో నాన్న నాటింగ్‌హామ్ వచ్చినప్పుడు లండన్ చూపిస్తానంటే పెద్దగా పట్టించుకోలేదు. "ఇక్కడి రైతులు సేద్యం ఎట్లా చేస్తారో చూపించమ్మా, అది చాలు" అన్నారు. మాది పల్నాడు, నాన్న నలభై ఏళ్లు మిరప, పత్తి పండించిన మనిషి. నాకు వెంటనే గుర్తొచ్చింది లాక్స్‌టన్. నాటింగ్‌హామ్‌షైర్‌లోనే, ఓలర్టన్‌కు కొద్ది మైళ్ల దూరంలో ఉండే చిన్న పల్లె. శనివారం పొద్దున్నే పులిహోర డబ్బాలో పెట్టుకుని కారులో బయల్దేరాం.

ఊళ్లోకి రాగానే నాన్న గమనించింది రైతుల ఇళ్లన్నీ ఒకే వీధి పొడవునా ఉండటం. దార్లో చూసినవన్నీ పొలాల మధ్య ఒంటరిగా ఉన్న ఇళ్లే కదా, ఇక్కడ మాత్రం మన ఊళ్లలాగే ఇళ్లన్నీ ఒకచోట, పొలాలు చుట్టూ. ఎర్ర ఇటుక ఇళ్లు, వెనకాల కొట్టాలు, ఆ వెనక పెరళ్లు. వీధి దాటి పొలంలోకి నడిచాక నాన్న ఆగిపోయి రెండు వైపులా చూసి అడిగిన మొదటి మాట: "గట్లేవమ్మా?"

గట్లు లేవు. కంచెలు లేవు. కనుచూపు మేర ఒకటే గోధుమ చేను, కానీ అది ఒక్కరిది కాదు, చాలామంది రైతులది. ఒకప్పుడు ఇంగ్లండ్‌లో చాలా ఊళ్లు ఇలాగే ఉండేవి. 18, 19 శతాబ్దాల్లో పార్లమెంటు చట్టాలతో ఊరుమ్మడి పొలాలను ముక్కలు చేసి కంచెలు వేసి పెద్ద కమతాలుగా మార్చేశారు, పశువులు మేపుకునే హక్కు తప్ప ఇంకేమీ లేని పేదవాళ్లు ఎంతోమంది దాంతో ఊరు విడిచిపోయారు. లాక్స్‌టన్‌లో మాత్రం ఇద్దరు పెద్ద భూస్వాములు, మాన్వర్స్ ఎర్ల్, స్కార్బరో ఎర్ల్ (ఎర్ల్ అంటే ప్రభువులకిచ్చే ఒక బిరుదు), భూములు ఎలా విడదీసుకోవాలో ఒక ఒప్పందానికి రాలేకపోయారు, అందువల్లే ఈ పద్ధతి మిగిలిందంటారు. వాళ్లకు కుదరకపోవడం మనకు ఎంత మేలు చేసిందో.

ఇక్కడ మూడు పెద్ద పొలాలున్నాయి: వెస్ట్ ఫీల్డ్, మిల్ ఫీల్డ్, సౌత్ ఫీల్డ్. ఏటా ఒకదాంట్లో చలికాలపు గోధుమ, ఇంకోదాంట్లో వసంతంలో వేసే పంట, మూడోది బీడు. మరుసటి ఏడు ఒక్కో మెట్టు జరుగుతాయి. రైతులకు మూడింట్లోనూ పొడవాటి చెక్కలు, అంటే సన్నటి నేల ముక్కలు, ఉంటాయి. మంచి నేలంతా ఒకడికే, చవిటి నేలంతా ఇంకొకడికే పోకుండా అలా పంచారన్నమాట. ఇది చెప్పగానే నాన్న తలూపి, "మన తాతలు పంచుకున్నదీ ఇట్లాగే గదమ్మా, నల్లరేగడిలో ఒక ముక్క, ఎర్ర చెక్కలో ఒక ముక్క, ఎవడికీ అన్యాయం కాకుండా" అన్నారు. వంగి మట్టి తీసి నలిపి చూశారు. బరువైన బంకమట్టి, వాన పడితే చెప్పు వదలనిది.

అక్కడ నిలబడి నేను నాన్నకు చెప్పాలనుకున్న అసలు సంగతి చెప్పాను. మన తాత నోట "రెండు ఫర్లాంగులు నడిస్తే చేను" అని వినేవాళ్లం కదా, ఆ ఫర్లాంగు అనే మాట పుట్టింది ఇలాంటి పొలాల్లోనే. పాత ఇంగ్లిష్‌లో దానికి అర్థం చాలు పొడవు, నాగటి చాలు. 220 గజాలు. దానికి అడ్డంగా ఒక గొలుసు, అంటే 22 గజాలు కొలిస్తే వచ్చేదే ఎకరం. ఎద్దుల అరక ఒక రోజులో దున్నగలిగినంత నేల అని పాతకాలపు లెక్క. (ఆ 22 గజాలే క్రికెట్ పిచ్ పొడవు కూడా.) మనం రిజిస్ట్రేషన్ కాగితాల్లో, గొడవల్లో, కట్నాల్లో ఇన్నేళ్లుగా వాడుతున్న ఎకరానికి వెనక ఒక నాగలి, ఒక ఎద్దుల జట్టు ఉన్నాయని నాన్నకు అప్పటిదాకా తెలియదు. చాలాసేపు ఏమీ మాట్లాడకుండా ఆ చేను అంచున అడుగులు లెక్కపెట్టుకుంటూ నడిచారు.

1635లో సర్ విలియం కోర్టెన్ అనే వ్యాపారి కోసం మార్క్ పియర్స్ అనే సర్వేయరు ఈ ఊరి మొత్తానికి పటం గీశాడు. ఏ చెక్క ఎవరిదో అందులో ఉంది, దున్నేవాళ్ల, కోత కోసేవాళ్ల బొమ్మలు కూడా ఉన్నాయి. అసలుది ఆక్స్‌ఫర్డ్‌లో బాడ్లియన్ లైబ్రరీలో ఉంది. ఫోన్‌లో చూపిస్తే నాన్న పెద్దది చేసి చేసి చూశారు.

మరి గట్లు లేకుండా తగువులు రావా? వస్తాయి, అందుకే ఇక్కడ ఊరి కోర్టు ఉంది. కోర్ట్ లీట్ అంటారు. నవంబర్ చివర్లో పన్నెండు మంది రైతుల జ్యూరీ గోధుమ వేసిన పొలమంతా నడిచి, ఎవరు దారిలోకి దున్నారో, ఎవరు ఉమ్మడి గడ్డినేలలోకి జరిగారో చూసి హద్దు మేకులు పాతుతారు. వారం తర్వాత ఊరి పబ్బు డవ్‌కోట్ ఇన్‌లో కోర్టు కూర్చుని జరిమానాలు వేస్తుంది. 1977లో ఇలాంటి పాత కోర్టుల అధికారాలు తీసేసినప్పుడు కూడా దీన్ని మాత్రం ఉంచారు. ఇది విన్నాక నాన్న ముఖం మారింది. మా ఊళ్లో చేనుకు వెళ్లే డొంకను ఇరుపక్కల వాళ్లు ఏటా ఒక చాలు, ఒక చాలు లోపలికి దున్నుకుంటూ వచ్చి, చివరికి ట్రాక్టరు పట్టనంత చేశారు. నాన్న ఆ డొంక కోసం పదేళ్లు తిరిగారు. "తోటి రైతులే వచ్చి నడిచి చూస్తే ఎవడు దున్నుతాడమ్మా" అన్నారు. ఆ గొంతు నాకింకా వినిపిస్తోంది.

ఊళ్లో బందెలదొడ్డి కూడా ఉంది! చేలల్లో పడ్డ పశువుల్ని పట్టి కట్టేసే చోటు, అచ్చం మన దగ్గరిలాగే. సెయింట్ మైకేల్ చర్చిలో 14వ శతాబ్దపు ఒక స్త్రీ చెక్క విగ్రహం చూశాం. ఊరి ఉత్తరాన, ఒకప్పుడు ఫ్రాన్స్ నుంచి వచ్చి ఇంగ్లండ్‌ను గెలిచిన నార్మన్ల కోట దిబ్బ గడ్డి కప్పుకుని ఉంది, రాళ్లేమీ మిగల్లేదు. నాకు వాటికంటే సైక్స్ నచ్చాయి, అంటే చేల మధ్య దున్నకుండా వదిలేసిన పల్లపు గడ్డినేలలు. ఎన్ని రకాల పూలో. అక్కడే కూర్చుని పులిహోర తిన్నాం.

1952లో మాన్వర్స్ ఎర్ల్ ఈ భూముల్ని వ్యవసాయ శాఖకు అమ్మాడు, 1981లో రాచరికపు ఆస్తులు చూసే క్రౌన్ ఎస్టేట్ అనే సంస్థకు వెళ్లాయి, 2020లో మళ్లీ ఆ పాత వంశంవాళ్ల థోర్స్‌బీ ఎస్టేటే కొనుక్కుంది. ఎవరి చేతిలో ఉన్నా ఈ సాగు ఆగకూడదని నా కోరిక.

తిరుగు ప్రయాణంలో నాన్న చాలాసేపు కిటికీలోంచి చూస్తూ కూర్చుని, పెద్ద రోడ్డెక్కాక అన్నారు: "నేను సెప్టెంబర్‌లో వెళ్లిపోతాను గానీ, నవంబర్‌లో ఆ జ్యూరీ నడిచే రోజు నువ్వు వెళ్లమ్మా. వీడియో కాల్ చెయ్యి. మేకులు ఎట్లా పాతుతారో చూడాలి." సెలవు పెట్టేశాను.