నీళ్లు మింగని శబ్దం

పోయిన వేసవిలో రెండు వారాల పాటు నీళ్లనే అనుమానించాను. ప్రయోగం చిన్నదే. ట్యాంకులో నీళ్లు పోసి, ఎదురెదురుగా రెండు గుండ్రటి ట్రాన్స్‌డ్యూసర్లు (కరెంటును శబ్దంగా, శబ్దాన్ని కరెంటుగా మార్చే బిళ్లలు) పెట్టి, ఒకదాన్నుంచి 5 మెగాహెర్ట్జ్ అల్ట్రాసౌండ్ పంపి, రెండోదాన్ని దూరం జరుపుతూ సిగ్నల్ ఎంత తగ్గుతోందో చూడాలి. ఆ తగ్గినదంతా నీటి శోషణే, అంటే నీళ్లు మింగేసిన శబ్దమే అనుకున్నాను. ముందు డిస్టిల్డ్ వాటర్‌తో సరిచూసుకుని, తర్వాత ఆర్కే బీచ్ నుంచి బాటిల్లో పట్టుకొచ్చిన సముద్రపు నీళ్లు పోద్దామని ప్లాన్. కానీ మొదటి మెట్టు దగ్గరే ఆగిపోయాను. 3 సెంటీమీటర్ల నుంచి 12 సెంటీమీటర్లకు జరిపేసరికి 1.3 డెసిబెల్స్ పడిపోయింది, అంటే మీటరుకు 14 పైచిలుకు, 25 డిగ్రీల దగ్గర స్వచ్ఛమైన నీటికి ఉండాల్సింది 5 లోపే.

మూడు రెట్లు!

కరిగిన గాలి వల్లనేమో అని నీళ్లు మరిగించి చల్లార్చాను. కేబుళ్లు మార్చాను, ట్రాన్స్‌డ్యూసర్లు సరిగ్గా ఎదురెదురుగా ఉన్నాయో లేదో పదిసార్లు చూశాను, రాత్రి పూట కరెంటు నిలకడగా ఉన్నప్పుడు కూడా కొలిచాను. అయినా అదే 1.3. బుడగల వల్ల వచ్చే తేడా రోజుకో రకంగా ఉండాలి కదా, ఇది మాత్రం చెక్కు చెదరడం లేదు. బాగా టెన్షన్ పడ్డాను. చివరికి రిటైరై కూడా అప్పుడప్పుడు ల్యాబ్‌కి వచ్చే మాస్టారికి గ్రాఫ్ చూపిస్తే, ఆయన కాసేపు చూసి, "నీళ్లు తినేశాయని ఎందుకనుకుంటున్నావమ్మా? అసలు రిసీవర్‌కి అందిందా లేదా చూడు" అన్నారు.

ఆ ఒక్క మాటతో దారి దొరికింది. విశాఖ ఔటర్ హార్బర్ గోడల మధ్య సందులోంచి లోపలికొచ్చిన అల తిన్నగా పోదు, విసనకర్రలా పక్కలకు పరుచుకుంటుంది. వివర్తనం అంటే అదే. ట్రాన్స్‌డ్యూసర్ బిళ్ల కూడా అలాంటి సందే. దాని ముఖం నుంచి తిన్నగా వెళ్లే అలతో పాటు అంచు నుంచి ఇంకో అల బయల్దేరుతుంది, రెండూ కలిసినప్పుడు కొన్నిచోట్ల బలపడతాయి, కొన్నిచోట్ల కొట్టేసుకుంటాయి. రిసీవర్ తన ముఖం మీద పడినదంతా కలిపి ఒకే వోల్టేజీగా ఇస్తుంది కాబట్టి, పక్కకు జారిపోయింది, లోపల కొట్టేసుకుంది, నిజంగా నీళ్లు మింగింది అన్నీ ఒకే అంకెలో కలిసిపోతాయి.

దీనికి లెక్క ఎప్పుడో ఉంది. 1951లో విలియమ్స్ దాన్ని ఇంటెగ్రల్‌గా రాశారు, 1974లో రోజర్స్, వాన్ బ్యూరెన్ బెసెల్ ఫంక్షన్లతో ఒక్క లైను సూత్రంగా మార్చారు. ఒకే సైజు బిళ్లలు ఎదురెదురుగా ఉంటే చాలు. బిళ్ల వ్యాసార్ధం వర్గాన్ని తరంగదైర్ఘ్యంతో భాగిస్తే ఒక దూరం వస్తుంది, నాకు 6 మిల్లీమీటర్ల వ్యాసార్ధం, 0.3 మిల్లీమీటర్ల తరంగం, కాబట్టి 12 సెంటీమీటర్లు. అంతదూరంలో వివర్తనం వల్లే 1.85 డెసిబెల్స్ పోతాయి, 3 సెంటీమీటర్ల దగ్గర 0.97. తేడా 0.88. నా 1.3లోంచి అది తీసేస్తే మిగిలింది 0.43, మీటరుకు 4.8. పుస్తకంలో ఉన్న అంకె దగ్గరికే వచ్చేశాను.

ఇక్కడ ఒక విషయం గట్టిగా చెప్పాలి. ఈ సవరణ నేరుగా గీసిన గీత కాదు. అదే బిళ్లతో 24 సెంటీమీటర్లకు వెళితే 2.48, 36కి 2.70, 48కి 3.87. మొదట గబగబా పెరిగి, మధ్యలో దాదాపు ఆగి, మళ్లీ పెరుగుతుంది. రెండు చోట్ల కొలిచి మధ్యలో స్కేలు పెట్టి గీసేస్తే మధ్యలో ఉన్నదంతా తప్పే.

వ్యాసార్ధం విషయం ఇంకా ముఖ్యం. మొదట నేను కేసు మీద కొలిచిన 16 మిల్లీమీటర్ల వ్యాసంతో లెక్క వేస్తే, సవరించాక కూడా మీటరుకు 6.3 వచ్చింది. లోపల కదిలే స్ఫటికం అంతకంటే చిన్నది. సన్నటి హైడ్రోఫోన్‌ని (నీళ్లలో శబ్దం పట్టే మైకు) బిళ్ల నడిమి నుంచి తిన్నగా జరుపుతూ శబ్దం చివరి శిఖరం ఎక్కడుందో చూస్తే అది 12 సెంటీమీటర్ల దగ్గర దొరికింది, అంటే అసలు వ్యాసం 12 మిల్లీమీటర్లు. కేసు మీద సైజు చూసి సవరణ చేసేవాళ్లను చూస్తే నాకు ఇప్పుడు బాధగా ఉంటుంది, ఎందుకంటే సవరించామన్న ధైర్యంతో ఆ అంకెను ఇంకెవరూ మళ్లీ అడగరు.

వెల్డింగ్ అతుకుల్లో అల్ట్రాసౌండ్‌తో పగుళ్లు పట్టే యూటీ పని చేసే మా బావకి ఇదంతా చెబితే, "నియర్ ఫీల్డ్‌లో, అంటే బిళ్లకి మరీ దగ్గర్లో, రీడింగ్ నమ్మొద్దని మాకు మొదటిరోజే చెప్తారు" అన్నాడు. వాళ్లకి డీజీఎస్ చార్ట్ ఉంటుంది, దూరాన్నీ లోపం సైజునీ బట్టి ప్రతిధ్వని ఎంత రావాలో అందులో గీసి ఉంటుంది. అదీ ఈ లెక్క లాంటిదే.

కెమెరా రంధ్రం కూడా కాంతికి ఇలాంటి సందే, కానీ ఫోటోలో మాత్రం సవరణ ఇంత తేలిక కాదు. డాల్ఫిన్స్ నోస్ కొండని ఎఫ్ 22లో, అంటే ఆ రంధ్రాన్ని బాగా చిన్నది చేసి తీస్తే ఒక్కో చుక్క సెన్సర్ మీద 30 మైక్రాన్ల మచ్చ అవుతుంది, పిక్సెల్ ఏమో 4 మైక్రాన్లు. మసకను లెక్కతో వెనక్కి తిప్పే డీకన్వల్యూషన్‌తో కొంత తిరిగి లాగొచ్చు, కానీ సందు అసలు దాటనివ్వని వివరం ఏ సాఫ్ట్‌వేర్‌కీ కనబడదు. అక్కడ కనబడేది ఊహ.

ఆ సముద్రపు నీళ్ల బాటిల్ ఇంకా అరలోనే ఉంది. సముద్రపు నీటిలో ఎక్కువ శోషణకు కారణం మెగ్నీషియం సల్ఫేట్, దాని ప్రభావం 100 కిలోహెర్ట్జ్ చుట్టుపక్కలే ఎక్కువ, 5 మెగాహెర్ట్జ్ దగ్గర తేడా సుమారు మూడు శాతమే. 100 కిలోహెర్ట్జ్‌కి దిగితే తరంగమే 15 మిల్లీమీటర్లు, నా బిళ్లకంటే పెద్దది, శబ్దం అన్ని వైపులా పోతుంది. అందుకే గుండ్రటి ఫ్లాస్కులో నీళ్లు నింపి, దాన్ని మోగించి, మోత ఎంతసేపటికి ఆరిపోతుందో కొలిచే పాత పద్ధతి మొదలుపెడుతున్నాను. శబ్దం బయటికి పోవడానికి అందులో సందే ఉండదు. పలచటి గాజుతో సరైన ఫ్లాస్కు ఇంకా దొరకలేదు.