మియావో మైనం కత్తి పని: అంచుల గొడవ తేలలేదు

మళ్ళీ అదే. మైనంతో గీసిన చోట రంగు పట్టకూడదని గుడ్డను నీలిమందు తొట్టిలో ముంచుతున్నా, రెండో ముంపుకే గీత అంచుల కిందికి నీలం పాకేసింది. చిరాకొచ్చి గుడ్డను అలాగే దండెం మీద పడేశా.

గీయడం మాత్రం కుదిరింది. చైనాలోని గ్వీజౌ రాష్ట్రంలో దన్‌జాయ్ ప్రాంతపు మియావో తెగ ఆడవాళ్ళు పండగ బట్టల భుజాల మీదా చేతుల మీదా వేసే సుడి ముగ్గు ఇప్పుడు పెన్సిల్ లేకుండానే పడుతోంది. రాగిరేకుల మధ్య మైనం పట్టుకునే ఈ కత్తితో గీత తిన్నగా వస్తుంది, ఇండోనేసియా గొట్టం కలంతో నాకెప్పుడూ అంత బాగా రాలేదు.

ఇక గొడవ సంగతి. గీసింది 2 మి.మీ., రంగయ్యాక తెల్లగా మిగిలింది 1 కూడా లేదు. తేనెమైనం 75 డిగ్రీల దగ్గర పైపైనే పేరుకుంటోంది, గోరు తగిలితే రేకులా లేచొస్తోంది. 95 చేస్తే లోపలికి దిగుతోంది గానీ గీత 4 మి.మీ. అయి కూర్చుంటోంది. 85 దగ్గర గుడ్డకి రెండు వైపులా చక్కగా దిగింది, అయినా తొట్టిలో అంచులు లేచాయి. అంటే తేడా మైనంలో కాదు, తొట్టిలోనే ఉన్నట్టుంది. నాది 1 వంతు నీలిమందు, 2 సున్నం, 3 బెల్లం. ఇది వెచ్చగా ఉంటేనే పనిచేస్తుంది కాబట్టి 45 డిగ్రీల దగ్గర ఉంచుతున్నా. తేనెమైనం కరిగేది 62–64 దగ్గరే అయినా 35 దాటితే మెత్తబడిపోతుంది, పైగా సున్నపు ఘాటు కూడా అంచుల్ని తినేస్తోందేమో. గ్వీజౌలో ఈ తంటా లేదు, వాళ్ళది పులియబెట్టిన చల్లటి తొట్టి.

పారాఫిన్ కలపమని చాలామంది సలహా ఇస్తున్నారు. చవకే, కానీ పగుళ్ళిస్తుంది, సన్న గీతల పనికి నాకస్సలు నచ్చదు. ఆన్‌లైన్‌లో 'స్వచ్ఛమైన తేనెమైనం' అని కొన్న ఒక దిమ్మ వాసన చూస్తే అందులోనూ పారాఫిన్ ఉందనే అనుమానం.

ఈసారి అన్నభేది (ఇనుప లవణం) తొట్టి కడతా: 1 నీలిమందు, 2 అన్నభేది, 3 సున్నం. వేడి చేయక్కర్లేదు. ఈ ఎండల్లో మా గదే 36 ఉంటోంది, కాబట్టి తెల్లవారుజామునే ముంచాలి. మియావోలు గుడ్డ వెనక చేమదుంప ముద్ద పూసి, ఎండాక కొమ్ముతో రుద్ది నున్నగా చేస్తారు, ఆ గంజి మైనం పాకకుండా కూడా ఆపుతుందని నా లెక్క. కొమ్ము లేదు, స్టీలు గ్లాసు అడుగుతో రుద్ది చూస్తా. పొందూరు ఖాదీ ముక్క దాచి ఉంచా, మామూలు మల్లు గుడ్డ మీద తేలేదాకా దాన్ని ముట్టను.

ఇది తేలితే వాళ్ళ మెరిసే గుడ్డ మొదలుపెట్టాలి. నీలి గుడ్డకి కోడిగుడ్డు తెల్లసొన పూసి చెక్క సుత్తితో గంటల తరబడి బాదాలి. కింద ఫ్లాట్ వాళ్ళని ముందే మంచి చేసుకోవాలి.