పాత నిక్, కొత్త నిక్

నిన్న బట్టలు మడతపెడుతూ ‘ఆర్ వి దేర్ యెట్?’ సిట్‌కామ్ పెట్టాను. దీనికి మూలమైన 2005, 2007 సినిమాల్లో హీరో నిక్‌గా నటుడు ఐస్ క్యూబ్‌ని చూసిన కళ్లు కదా, 2010లో మొదలైన ఈ సీరియల్లో ఆ పాత్రలో టెర్రీ క్రూస్ కనిపించేసరికి మొదట చిరాకేసింది. కానీ అన్ని కండలున్న మనిషి భార్య పిల్లల ముందు బిక్కమొహం వేస్తుంటే మూడో ఎపిసోడ్‌కే పడిపోయాను. జోకులన్నీ పేలవు, అది వేరే సంగతి. అసలు తమాషా ఏంటంటే, ఐస్ క్యూబ్ ఇందులో నిక్‌కి బావమరిదిగా వస్తాడు! పాత నిక్కే కొత్త నిక్‌కి బావమరిది. ఒక్కదాన్నే పగలబడి నవ్వాను. మొత్తం 100 ఎపిసోడ్లు. మావాడు అప్పటికే మూడుసార్లు అడిగాడు, “అమ్మా, ఇంకెంతసేపు?”